చౌడమ్మ టాకీసులో ఆఖరి రీలు

ఆళ్ళగడ్డ నుంచి రుద్రవరం పోయే దోవలో, ఇళ్ళు అయిపోయి చేలు మొదలయ్యే చోట, ఎడమ పక్క ఒక మొండిగోడ కనపడుతుంది. పగలు చూస్తే అందులో భయపడేదానికి ఏమీ లేదు. సగం రేకులు లేచిపోయిన కప్పు, గోడ సందుల్లో రావి మొలకలు, గేటు ఉండాల్సిన చోట కంపచెట్లు. అది ఒకప్పటి చౌడమ్మ టాకీసు.

చీకటి పడినాక మాత్రం ఆ గోడ పక్కన ఎవరూ బండి ఆపరు. టైరు పంచరైనా సరే... తోసుకుంటూ ముందుకు పోతారే గానీ ఆగరు.

ఎందుకంటే — ఒక గొర్రెల కాపరి వానకు తడవలేక ఒక రాత్రి లోపల పండుకున్నాడు. తెల్లారి చూస్తే మెడ నుంచి భుజం దాకా కండ తెగి తెరుచుకొని ఉంది. బతికినాడు. కానీ ఆ చెయ్యి మళ్ళా పైకి లేవలేదు. ఇంకోసారి ఒక లారీ క్లీనరు ఒంటేలు పోసేదానికని లోపలికి పోయి, కుడిచేతి వేళ్ళు లేకుండా బయటికి ఉరికొచ్చినాడు. వాళ్ళిద్దరూ ఒకరినొకరు ఎరగరు. చెప్పిన మాట మాత్రం ఒకటే.

వెనక నుంచి ఎవరో ఏందో అడిగినారంట. మెల్లగా, మర్యాదగా. ఏమి అడుగుతాండారో వీళ్ళకు అర్థం కాలేదు. బదులు చెప్పలేదు.

అంతే... కొడవలి దిగింది.

ఆ టాకీసులో కూచొని, అడిగినదానికల్లా బదులు చెప్పి బయటికొచ్చిన మనిషి ఒక్కతే ఉంది. ఆమె పేరు ఆయేషా.

ఆయేషాది బళ్ళారి. నంద్యాలలో నయీమ్‌కు ఇచ్చి చేసినారు. నయీమ్ పెండ్లి వీడియోలు తీస్తాడు, ఇంట్లోనే ఒక మూల కంప్యూటర్ పెట్టుకొని వాటిని కత్తిరించి అతికిస్తాడు. మంచివాడే గానీ మాట తక్కువ. పెండ్లయిన కొత్తలో ఆ ఇంట్లో "అన్నం పెట్టేదా", "కరెంటు పోయింది" తప్ప వేరే మాటలు వినపడేవి కావు. ఆయేషా బళ్ళారికి ఫోన్ చేసినప్పుడల్లా బాగుండాననే చెప్పేది. ఫోన్ పెట్టేసినాక మాత్రం వంటింట్లో నిలబడి గోడ చూసేది.

ఒకరోజు బళ్ళారి దిక్కు పెండ్లి ఒకటి వచ్చింది. ఫోటోల కింద పాతకాలం కన్నడ పాట వెయ్యాలని పెండ్లికూతురి అవ్వ పట్టు పట్టింది. నయీమ్‌కు కన్నడం రాదు. "ఇందులో ఏం చెప్తాండారో చూడు" అని ఆయేషాను పిలిచినాడు.

చిన్నప్పటి నుంచి వీధిలో కన్నడం మాట్లాడి పెరిగినదే గానీ, ఆ నలుపు తెలుపు సినిమాలు ఆయేషా ఎప్పుడూ చూడలేదు. అవి ముసలోళ్ళవి అనుకునేది. ఆ పాటలో ఒకమ్మాయి కిటికీ దగ్గర వాన చూస్తూ ఉంది. వీధికి అవతల ఒకడు, చేతిలో గొడుగు ఉండీ తెరవకుండా, తడుస్తూ నిలబడి పాడుతున్నాడు. ఆయేషా ఒక్కో ముక్కా చెప్తా చెప్తా ఆగిపోయింది.

"ఏమాయ?" అన్నాడు నయీమ్.

"ఏంల్యా. ఆయన ఆ యమ్మను తాకనన్నా తాకడు. కిటికీలోంచి చెయ్యి చాపితే వాన ఆ యమ్మ వేళ్ళ మీద పడింది గదా... అదే చినుకు జారి తన మీదికి వస్తాదేమోనని నిలబడినాడంట."

నయీమ్ ఆ పాట మళ్ళా వేసినాడు. మళ్ళా.

ఆ రోజు నుంచి వాళ్ళకు అదొక పిచ్చి అయిపోయింది. అన్నాలు తిన్నాక ఫోన్ గోడకు ఆనించి, ఇద్దరూ పక్కపక్కన కూచొని, ఎవరో పుణ్యాత్ములు నెట్‌లో ఎక్కించిన పాత కన్నడ సినిమాలు వెతుక్కొని చూసేవాళ్ళు. మలెనాడు కొండలు, మంచు, ఎద్దులబండి, పాటకు ముందు ఊపిరి పీల్చుకునే మనుషులు. "ప్రేమిస్తాండా" అని నేరుగా అనేవాళ్ళే లేరు. "ఈ పొద్దు మీ ఇంటి పక్క నుంచి పోలేదు" అంటే అదే పెద్ద మాట. నయీమ్ "ఏమంటాంది?" అని అడిగేవాడు. ఆయేషా చెవిలో చెప్పేది. కొన్నాళ్ళకు సినిమా ఆపి, "నీకు ఎప్పుడన్నా అట్లనిపించిందా?" అని అడగడం మొదలుపెట్టినాడు. అప్పటి నుంచే వాళ్ళు మొగుడూ పెండ్లాలు అయినారని చెప్పాల.

ఆ సినిమాల్లో ఒకటి ఇద్దరినీ వదలలేదు. దానికి పేరు లేదు. మొదటి ముక్క, చివరి ముక్క తెగిపోయి ఉన్నాయి. ఒక ఏరు, ఏటి మీద దోణి నడిపేవాడు, రోజూ ఆ దోణిలో దాటే అయ్యవారి కూతురు. వాడు ఒక వానాకాలం సముద్రం మీద పనికి పోతాడు. మళ్ళా వానాకాలానికి వస్తానంటాడు. రాడు. ఆమె రోజూ రేవు మెట్ల మీద దీపం పెడుతుంది. ఏండ్లు గడుస్తాయి. తల నెరిసినాక వాడు వస్తాడు. "ననగాగి కాదెయా?" అంటాడు. నా కోసరం కాసినావా అని. ఆమె దీపం పైకెత్తుతుంది. పెదాలు కదులుతాయి —

అక్కడ ఆగిపోతుంది.

ఆమె ఏమన్నదో తెలుసుకోవాలని నయీమ్ చేయని ప్రయత్నం లేదు.

రుద్రవరంలో ఒక రిసెప్షన్ పని వచ్చిన రోజు ఆయేషాను కూడా బండి మీద తీసుకుపోయినాడు. పోతా పోతా, ఆ మొండిగోడకు కాస్త ఇవతల శేషయ్య టీ కొట్టు దగ్గర ఆగినారు. శేషయ్య ముసలోడు. నయీమ్ గోడ దిక్కు చూసి, "అది సినిమా హాలా పెద్దాయనా?" అన్నాడు.

"ఒకప్పుడు. కాలవ పనికి బళ్ళారి దిక్కు నుంచి కూలోళ్ళు వచ్చినప్పుడు, వాళ్ళ కోసరం వారానికొక ఆట కన్నడం వేసేటోళ్ళు."

నయీమ్ గ్లాసు కింద పెట్టినాడు. "ఏ సినిమాలు?"

"పేర్లెవరికి తెల్సప్పా. ఆఖరున ఆడింది మాత్రం దోణి సినిమా. ఆ యమ్మ దీపం పట్టుకొని ఉంటాది సూడు..."

ఆయేషా, నయీమ్ ఒకరి మొగం ఒకరు చూసుకున్నారు.

"ఆఖరికి ఆ యమ్మ ఏమంటాది పెద్దాయనా?"

శేషయ్య పొయ్యి లోపలికి కట్టె తోసినాడు. "ఆ పొద్దు ఆఖరు సూసినోడెవుడు? మేము సూసింది నెత్తురే."

తర్వాత తక్కువ మాటల్లో చెప్పినాడు. ఆదినారాయణ అనేవాడు ఒక ఖూనీ కేసులో సాక్ష్యం చెప్పాల్సి ఉండె. చెప్పొద్దని కబురంపినారు. వినలేదు. వాని పెండ్లాం కన్నడ పిల్ల. ఆట ఉన్న రోజల్లా ఇద్దరూ వచ్చి బెంచీ మీద కూచునేవాళ్ళు. ఆ పొద్దు ఆ పిల్ల మాట మాటకూ గుసగుసగా తెలుగులో చెప్తా ఉండె. అంతలో వాకిట్లో నాటుబాంబు వేసినారు. జనం చెల్లాచెదరు అయితాంటే, ఆదినారాయణ వెనక కూచున్నోడు లేచి వేటకొడవలితో మెడ మీద ఏసినాడు. ఒకసారి గాదు. కూలోళ్ళు తలుపు మూసి వాణ్ణి పట్టుకున్నారు. తెర కింద పడేసి, గోడ రాళ్ళు పీకి, మనిషని గుర్తుపట్టే దానికి లేకుండా కొట్టి చంపినారు.

"అప్పటి నుంచి ఆదినారాయణ ఆడ్నే కూచోని ఉండాడు. పెండ్లాం చెప్తే తప్ప సినిమా తెలీదు గదా... పక్కన ఎవరు కూచున్నా అడుగుతాడు. చీకటి పడకముందే ఈ దోవ దాటుకోండప్పా."

దాటుకోలేకపోయినారు. రిసెప్షన్‌లో భోజనాలు ఆలస్యమైనాయి. తిరిగి వచ్చేటప్పుడు చీకటి పడింది, దాని వెంటే గాలి. శేషయ్య కొట్టు ఇంకా కొంచెం దూరం ఉందనగా వడగండ్లు మొదలైనాయి. గోళీకాయలంత గడ్డలు. హెల్మెట్ లేని ఆయేషా తల మీద, వీపు మీద రాళ్ళతో కొట్టినట్టు పడుతున్నాయి. నయీమ్ కెమెరా సంచి కడుపు కింద దాచుకొని, బండి కుడి పక్కకు, ఆ మొండిగోడ దిక్కు తిప్పినాడు.

"ఆడికి వద్దు" అన్నది ఆయేషా.

"తల పగుల్తాది. ఐదు నిమిషాలు."

లోపల నాపరాతి బండలతో కట్టిన బెంచీలు అట్లనే ఉన్నాయి. వెనక వరసల మీద మాత్రం రేకులు మిగిలినాయి. ఇద్దరూ ఒక బెంచీ చివర కూచున్నారు. ఎదురుగా, మెరుపు మెరిసినప్పుడల్లా, తెర ఉండిన గోడ తెల్లగా వచ్చి పోతూ ఉంది. రేకుల మీద వడగండ్ల మోత. ఆయేషా వాకిలి దిక్కే చూస్తుంటే నయీమ్ గమనించినాడు. ఆమె భయం పోగొట్టాలనో, తన భయం పోగొట్టుకోవాలనో... ఫోన్ తీసినాడు.

"ఆ పొద్దు ఈడ సగంలో ఆగిపాయ గదా. మనం ఆడిద్దాం."

దోణి సినిమా పెట్టినాడు. నీళ్ళ చప్పుడు, తెడ్డు చప్పుడు. ఆ చిన్న వెలుగులో ఆయేషాకు కాస్త ధైర్యం వచ్చింది. అయ్యవారి కూతురు రేవు మెట్ల మీద నిలబడి, "హొళె తుంబిదె. ఈగ హోగబేడ" అన్నది.

"ఏమంటాంది?"

"ఏరు నిండుగా ఉంది, ఇప్పుడు పోవద్దంటాంది" అన్నది ఆయేషా, అలవాటుగా.

నయీమ్ ఆమె దిక్కు చూసినాడు. "నాకు తెల్సులే. ఈ ముక్క ఎన్నిసార్లు చెప్పినావు."

"నువ్వే గదా అడిగింది."

"నేనెక్కడ అడిగినా?"

ఫోన్‌లో దోణివాడు నవ్వి ఏదో అన్నాడు.

"ఆయప్ప ఏమన్నాడు... పాపా?"

ఈసారి ఎక్కడి నుంచి వచ్చిందో తెలిసింది. వెనక నుంచి. ఇద్దరి తలల మధ్య నుంచి. బీడీ వాసన, తడిసిన తువ్వాల వాసన.

నయీమ్ తల తిప్పబోయినాడు. సగం తిప్పి ఆగిపోయినాడు. మెరుపులో ఆయేషా చూసింది — అతని మెడ వెనక చర్మం లోపలికి నొక్కుకుపోయి ఉంది, కత్తి అంచు ఆనించినట్టు. ఆ గీత వెంట నెత్తురు చుక్కలు చుక్కలుగా లేస్తూ ఉంది. కత్తి మాత్రం లేదు. పట్టుకున్న చెయ్యీ లేదు.

ఆయేషా బదులు చెప్పలేదు. ఆ గీత ఇంకాస్త లోపలికి దిగింది. నయీమ్ గొంతులోంచి ఒక మూలుగు.

"నీళ్ళంటే నాకేం భయం అంటాండాడు" అన్నది ఆయేషా గబగబా. "నీళ్ళు నన్ను ముంచవు, నీ చూపే ముంచుతాదంటాండాడు."

"ఆహా" అన్నది వెనక గొంతు. గీత కాస్త వదులైంది.

ఆమెకు తెలిసిపోయింది. చెప్తే బతుకు. ఆపితే...

చెప్పింది. ఒక్క మాట వదలకుండా చెప్పింది. పాట వస్తే పాట చెప్పింది. పాత్రలు ఊరికే ఒకరినొకరు చూసుకుంటా ఉంటే, ఆ చూపులో ఏముందో కూడా చెప్పింది. "ఆ యమ్మ ఏడుస్తాంది గానీ ఆయప్పకు తెలీకుండా మొగం కడుక్కుంటాంది." వెనక ముక్కు ఎగబీల్చిన చప్పుడు. ఎవరో మొరటు మనిషి, తువ్వాలతో కండ్లు తుడుచుకున్నట్టు. ఆ భయంలోనూ ఆయేషాకు జాలి వేసింది. పాపం ఆదినారాయణ... ఇన్నేండ్ల నుంచి ఇట్లా అడుగుతా కూచున్నాడు గదా అని.

మెల్లగా హాలు నిండిపోవడం ఆమె గమనించలేదు. ముందు ఒక దగ్గు వినపడింది. తర్వాత బెంచీల మీద కదులుతున్న మనుషులు, కన్నడంలో గుసగుసలు, చెమట వాసన. మెరుపు మెరిస్తే — తలలు. ముందు వరసలన్నీ తలలే. అన్నీ నయీమ్ చేతిలోని ఫోన్ దిక్కు తిరిగి ఉన్నాయి.

"అయిపోవస్తాంది" అన్నాడు నయీమ్, పెదాలు కదపకుండా.

ఆమెకూ తెలుసు. దోణివాడు తల నెరిసి తిరిగొచ్చినాడు. మెట్లు ఎక్కుతున్నాడు. ఇంక ఒక్క మాట. ఆ తర్వాత ఏమీ లేదు.

వాకిట్లో ఎవరో ఈల వేసినారు.

ఉరుము పైనుంచి వస్తుంది. ఇది నేల వెంట వచ్చింది. కూచున్న బండ కింద నుంచి కుదిపేసింది. పొగ, మందు వాసన, మేకులు గాజుపెంకులు గోడలకు కొట్టుకున్న చప్పుడు. తలలన్నీ ఒక్కసారి లేచినాయి. కేకలు. ఒకడు మోచేతి కింద చెయ్యి లేకుండా, ఆ మొండిచేతిని ఇంకో చేత్తో పట్టుకొని ఆయేషా మోకాళ్ళకు తగిలి పరిగెత్తినాడు. ఒక ఆడమనిషి బెంచీల మధ్య పడితే ఆమె మీదనే కాళ్ళు పోతున్నాయి, ఎముక విరిగిన చప్పుడు స్పష్టంగా వినపడింది. ఈ రచ్చలో ఫోన్‌లోని మనిషి నింపాదిగా అడిగినాడు — "ననగాగి కాదెయా?"

ఆమె దీపం ఎత్తింది. పెదాలు కదిలినాయి.

తెర నల్లబడింది.

"ఏమంటాంది పాపా?" గొంతు వణుకుతూ ఉంది. తొందర. "బేగ చెప్పు. నన్ను పిలుస్తాండారు... బేగ చెప్పు."

ఆయేషాకు తెలియదు. ఒక్క ఊపిరి పాటు ఆగింది.

మాంసం కొట్టే మొద్దు మీద కత్తి పడినప్పటి చప్పుడే. నయీమ్ భుజం తెరుచుకుంది. అతను అరవనన్నా అరవలేదు, ఒరిగి ఆమె ఒళ్ళో పడినాడు. వెచ్చని నెత్తురు ఆమె మొగం మీద, నోట్లో. తల ఎత్తి చూస్తే — ఇప్పుడు కొడవలి కనపడుతోంది. నెత్తురు అంటినంత మేరా కనపడుతోంది. గాలిలో, నయీమ్ మెడకు నేరుగా, వంకరగా ఎర్రటి గీత. అది పైకి లేస్తూ ఉంది.

"కాసినా అంటాంది" అన్నది ఆయేషా.

గీత ఆగింది.

"నీ కోసరమే కాసినా. రోజూ దీపం పెట్టినా. ఊరంతా నవ్వినా పెట్టినా. దా, వచ్చి కూచో, కాళ్ళు కడుక్కో, అన్నం తిను అంటాంది."

కొడవలి మొన నుంచి ఒక చుక్క ఆమె చేతి మీద పడింది.

"ఆయప్పో?"

"ఏడుస్తాండాడు."

"ఆ యమ్మ?"

"ఆ యమ్మ కొంగుతో ఆయప్ప మొగం తుడుస్తాండాది. ఇద్దరూ ఇంట్లోకి పోతాండారు. అయిపాయ. అంతే. అయిపాయ."

వెనక, బరువు దించుకున్న మనిషి విడిచిన ఊపిరి.

"బాగుంది పాపా."

గాలిలో నిలబడిన నెత్తురంతా ఒక్కసారి నేల మీద పడింది.

మళ్ళా వడగండ్ల మోత వినపడింది. హాల్లో ఎవరూ లేరు.

ఆయేషా తన దుపట్టా చింపి భుజం చుట్టూ బిగించి, మొగుణ్ణి ఈడ్చుకుంటూ రోడ్డు మీదికి తెచ్చింది. ఒక లారీ వచ్చింది. వెలుతురులో, మొండిగోడ ముందర, నిలువెల్లా నెత్తురుతో చేతులూపుతున్న ఆడమనిషిని చూసి డ్రైవరు ఇంకా గట్టిగా తొక్కినాడు. ఇంకొకడూ అంతే. చివరికి కొట్టు మూసి ఇంటికి పోతున్న శేషయ్య, ఆ గొంతు పొద్దున టీ తాగిన పిల్లదేనని గుర్తుపట్టి, గోనెసంచి తల మీద కప్పుకొని ఉరికొచ్చినాడు. ఆటో పిలిపించినాడు. ఆళ్ళగడ్డలో కట్టు కట్టి నంద్యాలకు పంపినారు.

నయీమ్ బతికినాడు. ఎముక దాకా తెగింది గానీ బతికినాడు. పొద్దున పోయి చూసినవాళ్ళు, ఆ బెంచీ పక్కన కప్పు నుంచి ఊడిపడిన రేకు ఒకటి ఉందనీ, దాని అంచుకు నెత్తురుందనీ చెప్పినారు. డాక్టరు కూడా అదే రాసుకున్నాడు. నయీమ్ సరేనన్నాడు. ఆ రాత్రి సంగతి అతను మాట్లాడడు.

ఆయేషా మనసు మాత్రం ఊరుకోలేదు. ఆదినారాయణ పెండ్లాం ఇంకా ఉంది, ఆళ్ళగడ్డలోనే ఉందని శేషయ్య చెప్పి ఉన్నాడు. "నీ మొగుడికి ఆఖరు చెప్పినా అవ్వా, బాగుందన్నాడు, నెమ్మదిగా పోయినాడు" అని ఆ ముసలామెకు ఒక్కమాట చెప్తే... ఇన్నేండ్ల దుఃఖం కాస్త తగ్గుతుంది గదా అనుకుంది.

నయీమ్ చెయ్యి మెడకు కట్టుకొని తిరిగేంత అయినాక, ఇద్దరూ బస్సులో ఆళ్ళగడ్డకు పోయినారు. విగ్రహాలు చెక్కే వీధి వెనక సందులో ఇల్లు. ఉలి చప్పుడు అక్కడిదాకా వినపడుతూ ఉంది. నయీమ్ లోపలికి రానన్నాడు, బయట అరుగు మీద కూచున్నాడు.

ఆదినారాయణ పెండ్లాం ఉమామహేశ్వరమ్మ బక్కపలచని మనిషి. చేటలో కందులు ఏరుతూ ఉంది. ఆయేషా కన్నడంలో పలకరిస్తే మొగం విప్పారింది. మంచినీళ్ళు ఇచ్చింది. ఆయేషా ఎదురుగా కూచొని, ఆ రాత్రి జరిగిందంతా చెప్పింది. వెనక నుంచి అడిగిన గొంతు, "పాపా" అన్న పిలుపు, కండ్లు తుడుచుకున్నది, ఆఖరున తాను చెప్పిన మాట, "బాగుంది" అన్నది. చెప్పి, ఆ ముసలామె చెయ్యి పట్టుకుంది.

"మీ ఆయన నెమ్మదిగా పోయినాడవ్వా."

ఉమామహేశ్వరమ్మ చేతిని మెల్లగా వెనక్కు తీసుకుంది.

"మా ఆయనా?" అన్నది. "మా ఆయన సిరుగుప్పలో నా పుట్టింటి పక్కనే పెరిగినాడు. నాకంటే ఆయనకే కన్నడం బాగా వచ్చు. ఆయన ఎప్పుడూ నన్ను ఏమీ అడగలా తల్లీ."

ఉలి చప్పుడు ఆగింది. మళ్ళా మొదలైంది.

"మరి... మీరు మాట మాటకూ చెప్తా ఉంటిరంట గదా..."

"చెప్తా ఉంటి. వెనక కూచున్నోనికి."

ఆయేషా తల తిప్పి తన వెనక గోడ చూసింది.

"ఎవరో పల్లె మనిషి. తువ్వాల చుట్టుకొని వచ్చినాడు. 'ఏమంటాంది పాపా' అని మర్యాదగా అడిగె. పాపం తెలీక అడుగుతాండాడని తల తిప్పి చెప్తి. సినిమా పొడుగూతా చెప్తి. ఏడ్చినాడు గూడా. మా ఆయన నవ్వి, ఆయన్ను ముందుకొచ్చి మన పక్కన కూచోమను అన్నాడు. అట్ల అన్న నోటితోనే..." ఆమె కందులు చేటలో సాపు చేసింది. "ఒక వేటుకు పోలేదు. నా దిక్కే చూస్తా ఉండె. తల నేను పట్టుకోకుంటే కింద పడేది."

"అవ్వా..."

"వాణ్ణి అంపించినోళ్ళకు దండలేసినారు. కేసు కొట్టేసినారు. నా చేతిలో ఏముంది? ఏడాది తిరిగినాక మా ఊరికి పోయి, ఆ సినిమా యాడ ఆడతాందో కనుక్కోని, ఒక్కదాన్నే పోయి ఆఖరు దాకా చూసొచ్చినా. అప్పటి నుంచి, ఆట ఆడే బేస్తవారం వచ్చిందంటే ఆ టాకీసు వాకిట్లోకి పోయి నిలబడతా. లోపలి నుంచి అడుగుతాడు. 'పాపా, ఆ యమ్మ ఏమన్నాది?' బతిమలాడతాడు. ఏడుస్తాడు. కొడవలి గోడకేసి కొడతాడు. నేను చెప్పను. నిలబడి, విని, ఇంటికొస్తా. నలభై ఏండ్లు అయ్యింటాది. ఆ ఒక్కటి తెలీకనే వాడు ఆడ్నుంచి కదల్లేక ఉండాడు."

ఆయేషా "అయితే... నేను వాణ్ణి వదిలిపెట్టినానా?" అన్నది.

ముసలామె ఆమెను పరీక్షగా చూసింది. ఆ మొగం మీద మెల్లగా నవ్వు వచ్చింది. ఆ నవ్వు చూసిన తర్వాత ఆయేషాకు కొడవలి భయం చిన్నదైపోయింది.

"ఏమని చెప్పినావు? కాసినా, వచ్చి కూచో, అన్నం తిను అంటాంది — అనే గదా?"

"ఊఁ."

"అది కాదు. ఆ యమ్మ ఏమీ అనదు. దీపం ఎత్తి వాని మొగం చూస్తాది. పెదాలు కదిలేది మాటకు గాదు, ఊదేదానికి. దీపం ఊదేసి, ఇంట్లోకి పోయి తలుపేసుకుంటాది. అంతే సినిమా. అది తెలీలేదు గాబట్టి వాడింకా ఆడ్నే ఉంటాడు."

ఆమె చేట పక్కన పెట్టి లేచింది. మోకాళ్ళ మీద చేతులు ఆనించి, నడుం నిలబెట్టుకుంది. మూలనున్న చెప్పులు కాళ్ళకు తొడిగింది.

"యాడికవ్వా?"

"ఈ పొద్దు బేస్తవారమే గదా. నువ్వు చెప్పింది అబద్ధమని వానికి చెప్పేసి వస్తా."

"వద్దవ్వా." ఆయేషా ఆమె కొంగు పట్టుకుంది. "ఆ మాట నమ్మే మా ఆయన్ను వదిలినాడు. చెప్పొద్దు."

ఉమామహేశ్వరమ్మ కొంగు విడిపించుకుంది. కోపంగా కాదు. చిన్నపిల్ల చేతిలోంచి తీసుకున్నట్టు తీసుకుంది. గడప దాటి, అరుగు మీది నయీమ్ దిక్కు తల తిప్పకుండా, రుద్రవరం రోడ్డు దిక్కు నడుచుకుంటూ పోయింది. ముసలిదే గానీ ఆ నడక చూస్తే ముసలిదని చెప్పలేం.

ఆయేషా వాకిట్లోకి వచ్చింది. నయీమ్ వీధికి వీపు పెట్టి, మెడ వంచి, ఫోన్‌లో ఏదో చూస్తున్నాడు. మెడ వెనక ఆ గీత ఇంకా మానలేదు. అతని వెనక అరుగంతా ఖాళీగా ఉంది.

ఆమె ఉరికి పోయి, అతని వెనక, వీపుకు వీపు ఆనించి కూచుంది.